పన్ను కడితే ఇల్లు నాదవుతుందా, కట్టకపోతే పోతుందా?

తిరుపతి కొర్లగుంట నుంచి ఒక సోదరి ఐదు పేజీల ఉత్తరం రాశారు. పేరు వేయొద్దన్నారు. అందులోని సంగతి క్లుప్తంగా ఇదీ.

ఇల్లు మామగారు తన సంపాదనతో కట్టింది. కట్టుబడి 20 అంకణాలు (అంకణం అంటే మన తిరుపతి లెక్కలో 36 చదరపు అడుగులు). పైన 2012లో రేకులతో వేసిన ఒక గది ఉంది. మామగారు 2016లో వీలునామా రాయకుండానే పోయారు. భర్త 2022 జూలైలో గుండెపోటుతో పోయారు. ఇప్పుడు ఇంట్లో ఉండేది అత్తగారు, ఈమె, ఇంటర్ చదివే కొడుకు, తొమ్మిదో తరగతి కూతురు. మరిది బెంగళూరులో, ఆడబిడ్డ మదనపల్లెలో ఉంటారు. పిల్లల చదువు కోసం 2023 జనవరిలో వీధివైపు గదిలో మెస్ పెట్టారు. పొద్దున ఇడ్లీ, గుంత పొంగణాలు, మధ్యాహ్నం భోజనం పార్సిళ్లు. ఆదివారం సెలవు. రోజుకు నాలుగున్నర వేల దాకా వ్యాపారం జరుగుతుంది. వంటకు సాయంగా ఉండే ఆమెకు నెలకు 11 వేలు ఇస్తారు. పైగదిలో ఉండే ఇద్దరు కుర్రాళ్లు నెలకు ఆరు వేలు అద్దె కడతారు.

భర్త ఉన్నన్నాళ్లూ ఇంటిపన్ను ఆయనే చూసుకునేవారు. 'ఏప్రిల్‌లోనే కట్టేస్తే ఐదు శాతం తగ్గుతుంది' అంటూ ఏటా మొదటి నెలలోనే కట్టేవారు. ఆయన కట్టిన చివరి రసీదు 2022-23ది, 3,967 రూపాయల పన్ను మీద. ఆ తర్వాత ఈమె కట్టలేదు. ఇంతలో కొలతలకు నగరపాలక సంస్థ మనుషులు వచ్చారు. ఈమె మార్కెట్టుకు వెళ్లి ఉంది. ఇంట్లో ఉన్న కొడుకు 'మాది మెస్ సార్, ఇదంతా మెస్సే' అన్నాడట. కొన్ని వారాలకు నోటీసు వచ్చింది. ఇల్లంతా వాణిజ్యం కింద చూపి, పైగదికి అనుమతి లేదని అదనపు పన్ను వేసి, పాత బకాయి, వడ్డీ కలిపితే నలభై ఒక్క వేలు దాటింది. తెలిసినాయన ఒకరు వచ్చి 'పదిహేను వేలు చేతిలో పెట్టు, పాత లెక్కే ఉండేట్టు చూస్తా' అంటున్నాడు. మరిదేమో ఫోన్ చేసి 'నువ్వు కట్టొద్దు, కడితే రేపు ఇల్లు నీ పేరు మీదికి మార్చేసుకుంటావు' అన్నాడు. పాత రసీదులు చూపిద్దామంటే, 2021 నవంబరు వరదలో బీరువా అడుగు అర మునిగి కాగితాలన్నీ ముద్దయిపోయాయి.

ఆమె రాసిన మాటల్లోనే చివరి వాక్యాలు: 'ఇంటిపన్ను, నీటిపన్ను, లైసెన్సు, వృత్తిపన్ను, జీఎస్టీ, చెత్త డబ్బులు... ఒక్కొక్కరు ఒక్కొక్కటి చెబుతున్నారు. ఏది ఎవరికి కట్టాలో తెలీక రాత్రిపూట నిద్ర పట్టడం లేదు. కడితే ఇల్లు నాదని దొంగతనంగా రాయించుకున్నట్టా? కట్టకపోతే ఇల్లు పోతుందా?'

అమ్మా,

మీ చివరి రెండు ప్రశ్నలకే ముందు జవాబు చెబుతాను. ఆ రెండూ తేలితే మిగిలినవి కాగితం మీది లెక్కలే.

పన్ను కట్టినంత మాత్రాన ఇల్లు ఎవరి సొంతమూ కాదు. పన్ను రికార్డులో పేరు మారినా అంతే. ఎవరి దగ్గర పన్ను వసూలు చేయాలో తెలియడానికి రాసుకునే పేరు అది. దాంతో హక్కు పుట్టదు, పోదు. ఈ మాట సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. అందువల్ల మీ మరిది భయానికి ఆధారం లేదు. ఆయన హక్కు ఆయనకే ఉంటుంది. మీరు కట్టిన రసీదు మాత్రం మీకు పనికొస్తుంది. ఇంటి మీద ఖర్చు ఎవరు భరించారో రేపు పంపకాల నాడు అది చూపిస్తుంది.

ఇక కట్టకపోతే ఇల్లు రేపే పోదు గానీ వడ్డీ మాత్రం ఆగదు. ఇంటిపన్ను, అంటే ఆస్తిపన్ను, గడువు దాటితే నెలకు రెండు శాతం వడ్డీ పడుతుంది. మన వాడుకలో చెప్పాలంటే నూటికి రెండు రూపాయల వడ్డీ. ఆరు నెలల పన్ను రెండు వేలనుకోండి, రెండేళ్లు ఆలస్యమైతే వడ్డీయే 960 రూపాయలు. బయట రెండు రూపాయల వడ్డీకి అప్పు తేవాలంటే పది సార్లు ఆలోచించే మనం ఈ బకాయిని మాత్రం కాగితమే కదా అని పక్కన పెట్టేస్తాం. చేతిలో డబ్బు లేకపోతే బ్యాంకులో కాస్త బంగారం పెట్టి తెచ్చినా ఇంతకంటే తక్కువ వడ్డీ పడుతుంది.

ఇప్పుడు నోటీసు చేతిలోకి తీసుకోండి. నలభై ఒక్క వేలు అన్న మొత్తాన్ని చూడకండి, పైనుంచి ఒక్కో వరుసే చదవండి. అందులో నాలుగు వేర్వేరు సంగతులు ఒకదాని కింద ఒకటి ఉన్నాయి. పాత బకాయి, దాని మీద వడ్డీ, వాడుక మారినందుకు పెరిగిన పన్ను, అనుమతి లేని గదికి అదనం. మొదటి రెండూ మీరు కట్టాల్సినవే, వాటి మీద వాదన లేదు. మూడోది సగం నిజం, సగం తప్పు. నాలుగోదాన్ని పరిశీలించాలి.

పన్ను ఏటా ఎందుకు పెరుగుతోందని మీరు అడిగారు. 2021 ఏప్రిల్‌కు ముందు మన రాష్ట్ర పట్టణాల్లో ఇంటికి ఎంత అద్దె వస్తుందన్న అంచనా మీద పన్ను వేసేవారు. 2020 చివర్లో చట్టం మార్చి, 2021 ఏప్రిల్ 1 నుంచి ఆస్తి మూలధన విలువ మీద వేస్తున్నారు. రిజిస్ట్రేషన్ శాఖ లెక్కలో ఆ స్థలం విలువ, కట్టడం విలువ కలిపితే వచ్చేదే ఆ విలువ. నివాసానికైతే అందులో 0.10 నుంచి 0.50 శాతం లోపు, నివాసేతరమైతే 0.20 నుంచి 2 శాతం లోపు, ఆయా పట్టణం నిర్ణయించిన రేటు వేస్తారు. ఒక్కసారిగా భారం పడకుండా, పాత పన్ను మీద ఏడాదికి 15 శాతం మించి పెంచకూడదని నిబంధన పెట్టారు. మీ ఇంటి లెక్క సరిగ్గా ఆ ప్రకారమే నడిచింది చూడండి. 2020-21లో 3,000, మరుసటి ఏడు 3,450, ఆ మరుసటి ఏడు 3,967. మీ ఆయన కట్టిన చివరి రసీదు అదే. 15 శాతం చిన్నదిగా కనిపిస్తుంది గానీ చక్రవడ్డీలా ఏటా పెరిగిన మొత్తం మీదే మళ్లీ పెరుగుతూ పోతే ఐదేళ్లకు రెట్టింపవుతుంది. మీ వీధిలో చాలామంది 'ఎవరో మా పన్ను డబుల్ చేశారు' అనుకుంటున్నది దీన్నే.

అయితే ఆ 15 శాతం పరిమితి కాపాడేది కొలతా వాడుకా మారని ఇంటిని. కొత్తగా కట్టిన భాగానికి, ఇంటి నుంచి దుకాణంగా మారిన భాగానికి ఆ రక్షణ ఉండదు. మీ నోటీసులో అంకె ఒక్కసారిగా ఎగిరింది ఇక్కడే.

మీ అబ్బాయిని కోప్పడకండి. పదిహేడేళ్ల పిల్లాడు అమ్మ నడిపే మెస్ గురించి గర్వంగా చెప్పాడు, అంతే. కానీ ఆ మాట వల్ల మీ 20 అంకణాలూ, అంటే మన తిరుపతి లెక్కలో 720 చదరపు అడుగులూ, దుకాణం కింద పడ్డాయి. మీ ఉత్తరం ప్రకారం మెస్ నడిచే వీధిగది ఐదు అంకణాలు. వెనక వంటశాల రెండు అంకణాలు. మెస్ వంటంతా ఆ వంటశాలలోనే అవుతుందని మీరే రాశారు కాబట్టి దాన్ని దాచకండి. ఏడు అంకణాలు వ్యాపారం, పదమూడు అంకణాలు నివాసం. ఇది నిజమైన లెక్క, రేపు ఎవరొచ్చి కొలిచినా నిలబడే లెక్క. ఒకే ఇంట్లో కొంత నివాసం, కొంత వ్యాపారం ఉంటే ఏ భాగానికి ఆ భాగం రేటు వేయించుకోవచ్చు.

పైగది సంగతి కూడా సరిచూడండి. నోటీసులో దాన్ని శ్లాబు కింద రాశారా, రేకులనే రాశారా? కట్టడం రకాన్ని బట్టి విలువ మారుతుంది. ఇద్దరు కుర్రాళ్లకు గది అద్దెకిస్తే అది నివాసమే. భోజనంతో సహా పది మందిని పెట్టి హాస్టల్ నడిపితే కథ వేరు. అదనపు పన్ను మాత్రం తప్పేలా లేదు. ప్లాను లేని కట్టడానికి, అతిక్రమణ స్థాయిని బట్టి పన్ను మీద 25 నుంచి 100 శాతం దాకా అదనంగా వేస్తారు. అది అనుమతి లేని భాగం మీదే వేశారా, కింది ఇంటితో కలిపి వేశారా అన్నది చూడండి. కింది ఇంటికి మామగారు ప్లాను తీసుకున్నారని రాశారు. వరదలో మీ ప్రతి పోయినా పట్టణ ప్రణాళిక విభాగంలో అసలుది ఉండాలి. నకలుకు దరఖాస్తు పెట్టండి. ఒక్క హెచ్చరిక: ఆ అదనపు పన్ను కట్టినా గది సక్రమం అయిపోదు. ప్రభుత్వం 2019లో తెచ్చినట్టు అప్పుడప్పుడూ క్రమబద్ధీకరణ పథకం తెస్తుంటుంది, బీపీఎస్ అంటారు. ఇప్పుడు అలాంటి గడువు ఏదైనా నడుస్తోందేమో వార్డు ప్లానింగ్ కార్యదర్శిని అడగండి. రుసుము ఎంతవుతుందో కనుక్కున్నాకే నిర్ణయించుకోండి. రేకుల గదికి పెట్టే రుసుము ఆ గది విలువను మించితే అది తెలివైన ఖర్చు కాదు.

మీ ముందున్న దారులు చెబుతాను. దేనిలో ఏముందో కూడా చెబుతాను.

నోటీసులో ఉన్నదంతా ఉన్నట్టు కట్టేయడం ఒకటి. తలనొప్పి ఒక్కరోజులో పోతుంది, వడ్డీ ఆగుతుంది. కానీ తప్పు కొలత రికార్డులో పాతుకుపోతుంది. వచ్చే ఏడు, ఆ పై ఏడు పెరిగేదంతా ఆ తప్పు అంకె మీదే పెరుగుతుంది. నలభై ఒక్క వేలు ఒకసారి పోయేది కాదు, ఏటా ఎక్కువ కడుతూనే ఉంటారు.

రెండోది, వివాదం లేని పాత బకాయిని వడ్డీతో సహా ఇప్పుడే కట్టేసి, వాడుక, కొలత, అదనపు పన్ను మీద రాతపూర్వకంగా అభ్యంతరం ఇవ్వడం. ఎన్ని రోజుల్లో ఇవ్వాలో నోటీసులోనే ఉంటుంది. ఆ తేదీ దాటనివ్వకండి, అన్నిటికంటే ముఖ్యం అదే. అర్జీలో ఏడుపు వద్దు, కొలతలు చాలు. 'ఇంటి మొత్తం 20 అంకణాలు, అందులో వ్యాపారానికి ఏడు, నివాసానికి పదమూడు, పైగది రేకులది, దయచేసి మళ్లీ కొలవండి' అని రాసి, చేత్తో గీసిన ఇంటి పటం, నాలుగు ఫోటోలు జత చేయండి. ఇచ్చినట్టు రసీదు నంబరు తీసుకోండి. మళ్లీ కొలవడానికి వచ్చేదాకా కొన్ని వారాలు పట్టొచ్చు, తిరగాల్సి రావొచ్చు. మెస్ నడుపుకుంటూ తిరగడం ఎంత కష్టమో తెలుసు. అయినా నా మనసు మొగ్గేది ఈ దారివైపే.

మూడోది, మెస్‌ను బయట అద్దె గదిలోకి మార్చి, ఇంటిని మళ్లీ ఇల్లుగానే చూపించడం. బస్టాండు చుట్టుపక్కలా, ఎయిర్ బైపాస్ రోడ్డులోనూ గది అద్దె, అడ్వాన్సు ఎంతో మీకే బాగా తెలుసు. ఏడు అంకణాలకు ఏటా పెరిగే పన్నునూ, బయట ఒక్క నెల అద్దెనూ పక్కపక్కన రాసి చూడండి. పన్ను కోసమే అయితే మారడం గిట్టదని నా అంచనా. వ్యాపారం పెరిగి చోటు చాలక మారితే అది వేరే సంగతి.

ఆ పదిహేను వేల మనిషి చూపించేది దారే కాదు. అతను ఏం చేస్తానంటున్నాడో చూడండి. రికార్డులో లేనిది ఉన్నట్టో, ఉన్నది లేనట్టో రాయిస్తానంటున్నాడు. రేపు మరొకరు వచ్చి కొలిస్తే పదిహేను వేలూ పోతాయి, నలభై ఒక్క వేలూ మిగులుతాయి, పైగా ఈసారి లంచం ఇచ్చినవారిగా మీరూ తప్పులో భాగమవుతారు. భర్త లేని ఇల్లు అని చూసి వచ్చే ఇలాంటివాళ్ల మీద నాకు నిజంగా కోపం వస్తుంది. రసీదు రాని ఏ చెల్లింపూ చేయకండి. పన్ను వార్డు సచివాలయంలో గానీ, కౌంటరులో గానీ, ఆన్‌లైన్‌లో గానీ కట్టొచ్చు. ఎక్కడ కట్టినా మీ అసెస్‌మెంట్ నంబరు మీద రసీదు వస్తుంది. పాత రసీదులు వరదలో పోయాయని బెంగ పెట్టుకోకండి. ఆ నంబరు కొడితే ఎంత డిమాండు, ఎంత బకాయి అన్నది కనిపిస్తుంది. మీ దగ్గరున్న ఆ చివరి రసీదు మీద నంబరు ఉంటుంది చూడండి.

మెస్ ఎప్పుడు మొదలైందో చెప్పడానికి భయపడుతున్నారు. పాత ఏళ్లకూ వాణిజ్య పన్ను పడుతుందేమోనని మీ అనుమానం. తేదీ దాస్తే అవతలివాళ్లు తమకు తోచిన తేదీ వేస్తారు. వాణిజ్య సిలిండరు తీసుకున్న మొదటి బిల్లు మీ దగ్గర ఉందన్నారు, అది 2023 జనవరిదే. అంతకుముందు నుంచీ మెస్ ఉందని ఎవరైనా అంటే మీకు అడ్డు నిలిచేది ఆ బిల్లే.

వడ్డీ గురించి ఇంకో మాట. ప్రభుత్వం కొన్నిసార్లు ఆర్థిక సంవత్సరం చివర్లో, బకాయి ఒకేసారి కట్టేవాళ్లకు వడ్డీలో రాయితీ ఇస్తుంది. 2025 మార్చిలో సగం వడ్డీ మాఫీ చేసింది. కానీ మళ్లీ వస్తుందని దాని కోసం కాచుక్కూర్చోవడం జూదం. నెలకు రెండు శాతం చొప్పున పెరిగేది ఖాయం, రాయితీ వచ్చేది ఖాయం కాదు. బకాయి తీరిపోయాక మీ ఆయన అలవాటే మళ్లీ మొదలుపెట్టండి. ఏడాది పన్ను మొత్తం ఏప్రిల్ 30 లోపు కడితే ఐదు శాతం తగ్గుతుంది. ఆయన ఆ లెక్క సరిగ్గానే పట్టారు.

గ్రంథాలయ పన్ను ఎందుకని అడిగారు, మేమెవరమూ లైబ్రరీకి వెళ్లం కదా అని. 1960 నాటి గ్రంథాలయాల చట్టం ప్రకారం ఆస్తిపన్ను రూపాయికి ఎనిమిది పైసలు ఆ పేరుతో కలుపుతారు, జిల్లా గ్రంథాలయ సంస్థకు ఇవ్వాల్సిన సొమ్ము అది. మీరు ఇన్నేళ్లూ కడుతూనే ఉన్నారు. మీ అబ్బాయి ఇంటర్ అయ్యాక పోటీ పరీక్షలకు చదవాలనుకుంటే అక్కడికే పంపండి, ఆ కుర్చీలో కొంత వాటా మీదీ ఉంది.

చెత్త డబ్బుల విషయం సూటిగా చెబుతాను. 2021 అక్టోబరు నుంచి పట్టణాల్లో ఇంటింటికీ నెలవారీ చెత్త రుసుము వసూలు చేశారు. ఆ పన్ను రద్దు చేస్తున్నట్టు 2024 అక్టోబరు 2న ముఖ్యమంత్రి మచిలీపట్నంలో ప్రకటించారు. కాబట్టి ఇంటి చెత్తకని ఎవరైనా నెలకు వంద అడిగితే 'రసీదు ఇవ్వండి' అనండి. మెస్ నుంచి రోజూ వెళ్లే తడి చెత్త వేరు. దానికేమైనా రుసుము ఉంటే శానిటేషన్ కార్యదర్శి దగ్గర కనుక్కోండి. అక్కడా రసీదు లేకుండా ఇవ్వొద్దు.

ఇక వ్యాపారం వైపు వద్దాం. అందరూ 'టాక్సులు' అని ఒకే గంపలో వేసి మిమ్మల్ని భయపెడుతున్నారు గానీ ఇవి వేర్వేరు గడపలు.

ట్రేడ్ లైసెన్సు పన్ను కాదు, అనుమతి. ఆహారం వండి అమ్మే చోటుకు అది తప్పనిసరి. నగరపాలక సంస్థే ఇస్తుంది, రుసుము తీసుకుంటుంది, గడువు అయిపోయేలోపు పునరుద్ధరించుకోవాలి. మీకిది లేదు. ఆస్తిపన్ను బకాయి ఉంటే అక్కడే ఆగిపోయే అవకాశం ఉంది కాబట్టి బకాయి కట్టాకే దరఖాస్తు పెట్టండి. ఇల్లు మామగారి పేరున ఉంది కాబట్టి, మెస్ నడపడానికి అభ్యంతరం లేదని అత్తగారితో రాయించిన కాగితం జత చేయండి. మరిది, ఆడబిడ్డ కూడా సంతకం పెడితే ఇంకా మంచిది. ఆహార భద్రత రిజిస్ట్రేషన్ లేదా లైసెన్సు ఇంకో గడప, టర్నోవరును బట్టి మీకు ఏది కావాలో కనుక్కుని అదీ చేయించుకోండి.

వృత్తిపన్ను రాష్ట్ర వాణిజ్య పన్నుల శాఖది. రాజ్యాంగం ప్రకారం ఎవరికైనా ఏడాదికి 2,500 రూపాయలు మించడానికి వీల్లేదు. మీ వంటామె జీతం 11 వేలు, 15 వేల లోపు జీతానికి ఈ పన్ను లేదు, కాబట్టి ఆమె జీతంలోంచి మీరు పట్టుకోవాల్సిందేమీ లేదు. 'ఆమెకు కట్టకపోతే నాకు కేసు' అని ఎవరో భయపెట్టారని రాశారు. ఆ భయం వదిలేయండి. వ్యాపారిగా మీకు ఏ శ్లాబు పడుతుందన్నది ఏడాది టర్నోవరును బట్టి ఉంటుంది. టర్నోవరు ఒక కాగితం మీద రాసుకుని ఆ శాఖ కార్యాలయంలో అడగండి.

జీఎస్టీకి ఆ కాగితమే కావాలి. రోజుకు 4,500, నెలకు 26 రోజులు, ఏడాదికి 14 లక్షల 4 వేలు. దీనికి పైగది అద్దె 72 వేలూ కలపాలి. ఇంటి అద్దె మీద జీఎస్టీ పడకపోయినా, టర్నోవరు లెక్కలో మాత్రం చేరుతుంది. ఇది చాలామందికి తెలియదు. మొత్తం 14 లక్షల 76 వేలు. సరుకు అమ్మే దుకాణానికి పరిమితి 40 లక్షలు గానీ, వండి వడ్డించే వ్యాపారం సేవ కింద వస్తుంది, దానికి 20 లక్షలే. మీరింకా ఆ గీత కిందే ఉన్నారు, ఇవాళ రిజిస్ట్రేషన్ అవసరం లేదు. కానీ బ్రహ్మోత్సవాల రోజుల్లో వ్యాపారం రెట్టింపవుతుందని మీరే రాశారు. అందుకే ఏ రోజు ఎంత వచ్చిందో నోటుబుక్కులో రాస్తూ ఉండండి. పదిహేడు, పద్దెనిమిది లక్షలకు చేరితే అప్పుడే ఒక ఆడిటరును కలవండి. దాటినా ఆకాశం విరిగి మీద పడదు, చిన్న హోటళ్లకు అమ్మకం మీద ఐదు శాతం కట్టే కాంపోజిషన్ పద్ధతి ఉంది.

మీరు అడగనిది ఒకటి చెబుతాను. మెస్ ఇంటి మీటరు మీదే నడుస్తోంది. విద్యుత్ చట్టంలోని 126వ సెక్షన్ ప్రకారం, ఇంటి కనెక్షన్ వ్యాపారానికి వాడితే ఆ రేటుకు రెట్టింపు వేసి వసూలు చేయొచ్చు. ఎవరో వచ్చి పట్టుకోకముందే మీరే వెళ్లి వీధిగదికీ వంటశాలకూ వేరే మీటరు అడగండి. కుళాయి కనెక్షన్ విషయంలోనూ ఇంటిదా వాణిజ్యమా అన్న ప్రశ్న వస్తుంది, లైసెన్సు పని మీద వెళ్లినప్పుడే అదీ కనుక్కోండి.

చివరగా ఇంటి పేరు మార్పిడి. మీ ఉత్తరం నిండా ఉన్న బాధ అసలు దీని గురించేనని నాకు అనిపించింది.

మామగారి స్వార్జితం, వీలునామా లేదు. ఇంటిని పదహారణాలు అనుకోండి. మామగారు పోయిన రోజున అత్తగారికి, మీ ఆయనకు, మరిదికి, ఆడబిడ్డకు తలా నాలుగణాలు వచ్చాయి. ఆడబిడ్డ పెళ్లయి వెళ్లిపోయిందని ఆమెను వదిలేయడానికి లేదు. మీ ఆయన పోయాక ఆయన నాలుగణాలు మీకూ, ఇద్దరు పిల్లలకూ, కన్నతల్లి కాబట్టి అత్తగారికీ తలా ఒక అణా చొప్పున వచ్చాయి. అంటే ఇవాళ అత్తగారివి ఐదణాలు, మరిదివి నాలుగు, ఆడబిడ్డవి నాలుగు, మీవి మీ పిల్లలవి కలిపి మూడు. ఈ మూడణాలను మరిది ఫోనులో అరిచినా ఎవరూ తీసేయలేరు. అలాగే మీరు పదేళ్లు పన్ను కట్టినా మూడు పదహారు కావు. ఆయనకు ఈ లెక్క చెప్పండి, సగం గొడవ అక్కడే చల్లారవచ్చు.

పన్ను రికార్డులో వారసులందరి పేర్లూ కలిపి ఎక్కించుకోవచ్చు. మరణ ధ్రువపత్రాలు, కుటుంబ సభ్యుల ధ్రువపత్రం, అందరి సమ్మతి కావాలి. దీనివల్ల ఎవరి భాగమూ మారదు, మరిదికి భయం ఉండదు. లేదా ఎవరైనా తమ భాగం వదులుకుంటామంటే రిజిస్టరు చేసిన హక్కు విడుదల దస్తావేజు రాసుకోవచ్చు. అప్పుడు నిజంగానే భాగాలు మారతాయి కాబట్టి న్యాయవాదికి చూపించకుండా అటు వెళ్లొద్దు. మీ పిల్లలు మైనర్లు. వాళ్ల అణాలను తల్లిగా మీరు కూడా కోర్టు అనుమతి లేకుండా వదులుకునే వీల్లేదు. బెంగళూరు నుంచి ఏదైనా కాగితం సంతకానికి వస్తే ఈ మాట గుర్తుంచుకోండి. ఇవేవీ ఇప్పుడే వద్దనుకుంటే పేరు మామగారిదే ఉంచి పన్ను కడుతూ పోవచ్చు, ఎవరూ ఆపరు. కాకపోతే ప్రతి దరఖాస్తు దగ్గరా 'ఇంటి యజమాని ఎక్కడ' అన్న ప్రశ్న మీకు ఎదురవుతూనే ఉంటుంది.

ఈ ఆదివారం మెస్‌కు సెలవు కదా. అభ్యంతరం గడువు దగ్గర పడలేదంటేనే అప్పటిదాకా ఆగండి. ముందు అత్తగారి పక్కన కూర్చుని ఆ పదహారణాల లెక్క కాగితం మీద గీసి చూపించండి. ఆమె ఎదురుగా ఉండగానే మరిదికి, ఆడబిడ్డకు ఫోన్ కలపండి. బకాయి మీరు కడుతున్నారనీ, అందరి పేర్లూ ఎక్కించడానికి మీకు అభ్యంతరం లేదనీ ఆమె నోటే చెప్పించండి. వదిన చెబితే వినని మాట తల్లి చెబితే మరిది వింటాడేమో చూద్దాం. సోమవారం మధ్యాహ్నం పార్సిళ్లు అయిపోయాక అబ్బాయిని వెంటబెట్టుకుని వార్డు సచివాలయానికి వెళ్లండి. నోటీసు, ఆ చివరి రసీదు, సిలిండరు బిల్లు, ఇంటి పటం తీసుకెళ్లండి. 'ఇదంతా మెస్సే' అన్న పిల్లాడే ఈసారి ఏడు అంకణాలు ఏవో చూపిస్తాడు.